ముప్పైమూడున్నర డిగ్రీల ఉయ్యాల

మదనపల్లెలో డిసెంబరు నెల తెల్లవారుజామున కొబ్బరినూనె సీసా తలకిందులు చేసినా చుక్క రాలదు. లోపల తెల్లగా పేరుకుపోయి ఉంటుంది. పొద్దెక్కాక సీసాని ఎండలో పెడతాం, తొందరైతే వేడినీళ్ల చెంబులో నిలబెడతాం. అప్పుడు లోపల ఒక చిత్రం జరుగుతుంది. గడ్డ కరుగుతున్నంతసేపూ నూనె 24 డిగ్రీల దగ్గరే తచ్చాడుతుంది, పైకి పోదు. వచ్చిన వేడి వచ్చినట్టు కరగడానికే సరిపోతుంది. ఆఖరి తెల్లముక్క కూడా మాయమయ్యాకే సీసా వెచ్చబడటం మొదలవుతుంది.

మన ఇళ్లలో ఏటా చూసే ఈ సంగతి మీద ఒక ఉయ్యాల నిలబడి ఉంది. పుట్టగానే ఏడవని బిడ్డల కోసం చేసిన ఉయ్యాల అది. పేరు మిరాక్రేడిల్. గురుగ్రామ్‌లో ఇలాంటి కరిగే పదార్థాలు తయారుచేసే ప్లస్ అనే కంపెనీ, రాయవేలూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీలో పసిపిల్లల విభాగం వైద్యులు కలిసి దాన్ని రూపొందించారు. కుప్పంలో గానీ పుంగనూరులో గానీ కేసు చెయ్యి దాటుతోందనుకున్నప్పుడు వినబడే మాట ‘వేలూరికి తీసుకుపోండి’ అని. ఆ వేలూరే ఇది. మదనపల్లెకి దానితో ఇంకో పాత చుట్టరికమూ ఉంది. ఐడా స్కడర్ 1900లో ఒక్క మంచంతో వేలూరులో మొదలుపెట్టిన వైద్యశాలా, మదనపల్లెలో ఆడవాళ్లకీ పిల్లలకీ పేరుపడ్డ మేరీ లాట్ లైల్స్ ఆసుపత్రీ ఒకే ఆర్కాటు మిషన్ నీడలో పెరిగినవి.

ఉయ్యాల సంగతికి ముందు దానిలో పడుకునే బిడ్డ సంగతి చెప్పాలి. కాన్పు గంటల తరబడి సాగడం, మాయ ముందే విడిపోవడం, బొడ్డుతాడు నొక్కుకుపోవడం లాంటి ఏదో కారణాన నెలలు నిండిన బిడ్డ మెదడుకి ప్రాణవాయువు అందదు. అంబూ బ్యాగుతో ఊపిరి ఊదితే గుండె పుంజుకుంటుంది, ఒళ్లు ఎర్రబడుతుంది, గండం గడిచిందనుకుంటారు. గడవదు. మెదడులోని కణాలు కాసేపు తేరుకున్నట్టే కనిపించి, కొన్ని గంటల తర్వాత రెండోసారి కూలిపోవడం మొదలుపెడతాయి. అప్పుడే ఫిట్స్ వస్తాయి. లండన్‌లో పరిశోధకులు అయస్కాంత యంత్రాలతో బిడ్డల మెదడులోని శక్తి నిల్వలను కొలిచి, మొదటి దెబ్బకీ రెండో దెబ్బకీ మధ్య ఒక ఖాళీ ఉందని కనిపెట్టారు. దాదాపు ఆరు గంటల ఖాళీ. చేయగలిగిందేదైనా ఆ సందులోనే చేయాలి.

చేసేది ఒళ్లు చల్లబరచడం. 36 దాటి ఉండాల్సిన బిడ్డ వేడిని 33.5కి దించి, 72 గంటలు అక్కడే పట్టి ఉంచడం. ఒక్కో డిగ్రీ దిగేకొద్దీ మెదడు ఖర్చుపెట్టే శక్తి అయిదారు శాతం తగ్గుతుంది. దెబ్బతిన్న కణాలు తమను తామే చంపుకునే ప్రక్రియ కూడా నెమ్మదిస్తుంది. ఇది కొత్తగా పుట్టిన ఆలోచనేం కాదు. 1950లలోనే స్వీడన్‌లో వెస్టిన్ అనే వైద్యుడు ఊపిరి తీయని బిడ్డలను చల్లటి నీళ్లలో ఉంచి చూశాడు. అదే కాలంలో న్యూయార్క్‌లో సిల్వర్‌మన్, నెలలు నిండని బిడ్డలను వెచ్చగా ఉంచితే ఎక్కువమంది బతుకుతున్నారని నిరూపించాడు. దాంతో పసిబిడ్డకి చలి అంటేనే ప్రమాదం అన్న మాట స్థిరపడింది. ఇద్దరూ చెప్పింది నిజమే, కాకపోతే వేరువేరు బిడ్డల గురించి. 1997లో న్యూజీలాండ్‌లో అలిస్టర్ గన్ బృందం, ఇంకా తల్లి గర్భంలోనే ఉన్న గొర్రెపిల్లల మీద ప్రయోగాలు చేసి, చల్లబరిస్తే మెదడు నిలుస్తోందని చూపింది. 2005లో 2 పెద్ద పరీక్షలు, 2009లో ఇంగ్లండ్ నుంచి 325 మంది బిడ్డలతో టోబీ అనే ఇంకొకటి వెలువడ్డాక సంపన్న దేశాల్లో ఇదే మామూలు వైద్యమైంది. ఏడెనిమిది మంది బిడ్డలను చల్లబరిస్తే, వాళ్లలో ఒకరు చావో వైకల్యమో తప్పించుకుంటారన్నది ఆ లెక్కల సారం.

అక్కడి యంత్రాలు గొట్టాల్లో నీళ్లు తిప్పే పరుపులు. బిడ్డ ఒంట్లోని సెన్సర్ చెప్పినట్టు నీటిని వేడిచేస్తాయి, చల్లబరుస్తాయి. పనితనంలో వంక పెట్టలేం, కానీ లక్షలు పోయాలి. కరెంటు పోయిందా, అవీ ఆగిపోతాయి.

వేలూరు వైద్యులు మొదట తమ చేతిలో ఉన్నదానితోనే మొదలుపెట్టారు. మంచు జెల్ సంచులకి గుడ్డ చుట్టి బిడ్డ చుట్టూ పెట్టడం. నిరంజన్ థామస్ బృందం 20 మంది బిడ్డలతో చేసిన ఆ పనిని 2011లో ప్రచురించింది. పని జరిగింది గానీ నర్సు బిడ్డ పక్కనుంచి కదలడానికి లేదు. మంచు కరిగేది సున్నా దగ్గర. ఎంత గుడ్డ చుట్టినా అది లాగేది సున్నా వైపే, బిడ్డ వేడి కావలసిన గీత దాటి దిగిపోకుండా సంచులు తీస్తూ పెడుతూ ఉండాల్సిందే.

పని మలుపు తిరిగిందిక్కడ. సున్నా దగ్గర కరిగేదాని బదులు మనకి కావలసిన చోట కరిగేదాన్ని తయారుచేసుకుంటే? కొబ్బరినూనె 24 దగ్గర కరిగినట్టే, మిరాక్రేడిల్‌లోని పలకల్లో ఒక రకం 29 డిగ్రీల దగ్గర, ఇంకో రకం 21 దగ్గర కరుగుతాయి. కావలసింది 33.5 కదా, అక్కడే కరిగేది పెట్టొచ్చు కదా అని నాకూ మొదట అనుమానం వచ్చింది. జవాబు తెలిశాక ఆ లెక్క వేసినవాళ్ల మీద గౌరవం పెరిగింది. బతికున్న బిడ్డ ఊరికే ఉండదు, క్షణక్షణం వేడి పుట్టిస్తూనే ఉంటుంది. ఆ వేడి బయటికి పారాలంటే, కాలువకి వాలు ఉన్నట్టు, కింద కొంచెం పల్లం కావాలి. నాలుగైదు డిగ్రీల పల్లం. మంచుకైతే అది ముప్పైమూడు డిగ్రీల లోయ. పల్లం తక్కువైతే బిడ్డ దిగదు, ఎక్కువైతే ఆగదు.

బిడ్డ 36, 37లో వస్తుంది కాబట్టి మొదట 21 పలకలు కూడా వేసి దించుతారు. గీత దగ్గరపడగానే వాటిని లాగేసి 29వి ఉంచుతారు. పలకల పైన వేడిని సమంగా పంచే పరుపు, దాని మీద బిడ్డ. ఇంకో నేర్పు ఉంది: ఈ పలకలు కరిగినా కారవు. కొబ్బరినూనెలా జారి ఒక మూలకి చేరితే వీపు ఒకచోట చల్లగా, ఒకచోట వెచ్చగా ఉంటుంది. అందుకే పదార్థాన్ని కరిగిన తర్వాత కూడా ఆకారం వదలని విధంగా కూర్చారు. పూర్తిగా కరిగిన పలకని ఫ్రిజ్‌లో పెడితే మళ్లీ గట్టిపడుతుంది, మళ్లీ పనికొస్తుంది. ధర విదేశీ యంత్రంలో చిన్న వంతు. చూడబోతే మూతలేని ప్లాస్టిక్ తొట్టిలా ఉంటుంది. మోటారు లేదు, చప్పుడు లేదు.

ఈ పద్ధతిలో చల్లబరచిన 41 మంది బిడ్డల వివరాలను వేలూరు బృందం 2015లో ప్రచురించింది. 2018లో దేశంలోని 11 ఆసుపత్రుల్లో 103 మంది బిడ్డల లెక్క వచ్చింది. ఎక్కడ చూసినా వేడి గీత మీద నిలబడింది. 2020లో నార్వేవాళ్లతో కలిసి వేలూరులోనే 50 మంది బిడ్డలను రెండు జట్లుగా చేసి ఎమ్మారై తీసి చూస్తే, చల్లబరచినవాళ్ల మెదడులోని తెల్లనరాల దారులు మెరుగ్గా కనిపించాయి.

అయినా ఉయ్యాల పని సగమే. మిగతా సగం దాని పక్కన నిలబడే నర్సుది. మలద్వారం గుండా అయిదు సెంటీమీటర్ల లోపలికి పంపిన సన్నటి తీగ బిడ్డ అసలు వేడి చెబుతుంటుంది. చర్మం మీద కొలిచింది నమ్మరు. మామూలుగా నిమిషానికి 140 కొట్టుకునే గుండె 100కి, ఒక్కోసారి ఇంకా కిందికి దిగుతుంది. కొత్త నర్సు అలారం విని పరుగెత్తుతుంది. అనుభవం ఉన్నామె బీపీ చూసి, ఇది చలి వల్లేనా, గుండె నిజంగానే అలసిపోతోందా అని విడదీస్తుంది. పసిబిడ్డలకి వణుకు రాదు. మెడ వెనకా వీపు మీదా ఉన్న గోధుమరంగు కొవ్వుని కరిగించుకుని వేడి తెచ్చుకుంటారు, ఆ యాతన తగ్గించడానికి కొద్దిగా మార్ఫిన్ ఇస్తారు. వీపు మీద చర్మం కింద కొవ్వు గట్టిపడి ఎర్రటి గడ్డలు కడతాయేమోనని బిడ్డని మెల్లగా తిప్పి చూస్తుంటారు. చక్కెర పడిపోకూడదు, ప్లేట్‌లెట్లు తగ్గకూడదు. ఇలా మూడు పగళ్లు, మూడు రాత్రులు.

అద్దం అవతల నిలబడ్డ అవ్వకి ఇవేవీ తెలియవు. మన ఇళ్లలో బిడ్డంటే సాంబ్రాణి పొగ, చెవులకి దూది, తలకి టోపీ. ‘చల్లగా ఉండు నాయనా’ అని దీవించే నోటితోనే ‘ఒళ్లు చల్లబడింది’ అంటే చావు కబురని అర్థం చేసుకునే భాష మనది. గుడ్డ కూడా కప్పకుండా పడుకోబెట్టిన మనవడిని చూసి ఆమె కళ్లనీళ్లు పెట్టుకుంటే తప్పు పట్టడానికేముంది?

ఇక ఈ వైద్యానికి ఎదురైన చేదు లెక్క. భారత్, శ్రీలంక, బంగ్లాదేశ్ ఆసుపత్రుల్లో 408 మంది బిడ్డలతో చేసిన హీలిక్స్ అనే పరీక్ష ఫలితాలు 2021లో వచ్చాయి. వాడింది ఈ కరిగే పలకలు కాదు, బిడ్డ వేడిని బట్టి తనంతట తాను సర్దుకునే యంత్రం. చావు గానీ వైకల్యం గానీ చల్లబరచిన జట్టులో 50 శాతం, చల్లబరచని జట్టులో 47 శాతం. చావులే విడిగా చూస్తే 42, 31. అంటే మేలు లేదు సరికదా కీడు జరిగింది. దీని మీద వైద్యుల్లో ఇప్పటికీ వాదం నడుస్తోంది. మన దగ్గర చాలామంది బిడ్డలకి దెబ్బ కాన్పు గదిలో ఒక్కసారిగా కాక అంతకుముందే మెల్లమెల్లగా తగులుతోందనీ, ఆ ఆరు గంటల సందు పుట్టేసరికే మూసుకుపోతోందనీ ఒక వివరణ. నాకు అదే సబబుగా తోస్తుంది. పలకలు ఎంత బాగా కరిగినా కరిగిపోయిన కాలాన్ని అవి పట్టి తేలేవు.

ఆ కాలం మన దారుల్లో ఎలా ఖర్చవుతుందో చూడండి. పుంగనూరు నుంచి వేలూరంటే పలమనేరు, మొగిలి ఘాటు, చిత్తూరు దాటాలి. కుప్పం నుంచైతే వాణియంబాడి, ఆంబూరు మీదుగా పోవాలి. బిడ్డ ఏడవలేదని గుర్తించి, ఊపిరి పోసి, అంబులెన్సు పిలిచి బయల్దేరేసరికే ఒకటి రెండు గంటలు దాటుతాయి. పెద్దాసుపత్రి వైద్యుడు ఫోన్‌లో చల్లబరచమంటే దారిలోనే మొదలవుతుంది: బిడ్డని వెచ్చగా ఉంచే వార్మర్ ఆపేసి బట్టలు తీస్తే చాలు. ఇది వినడానికే సులువు. దెబ్బతిన్న మెదడు ఒంటి వేడిని కాపాడుకోలేదు, చలికాలం రాత్రి ఘాటు రోడ్డులో బిడ్డ తనంతట తానే 32 దాటి కిందికి జారిపోతుంది. పాత పాదరసం థర్మామీటరు మొదలయ్యేదే 35 దగ్గర, ఆ దిగువన దానికి కళ్లు లేవు. తక్కువ వేడి కూడా చూపే థర్మామీటరు పెట్టి పావుగంటకోసారి కొలిచే మనిషి అంబులెన్సులో ఉంటేనే ఈ పని చేయాలి.

మూడోరోజు గడిచాక పలకలు తీస్తారు. వార్మర్ వేసి గబగబా వెచ్చబరచకూడదు, ఆ తొందరలో బీపీ పడిపోతుంది, అణిగిన ఫిట్స్ తిరగబెడతాయి. గంటకి అర డిగ్రీ, అంతకన్నా మెల్లగా అయినా మంచిదే. ఆరు గంటలు పట్టొచ్చు, పన్నెండూ పట్టొచ్చు.

“ఇంకా కప్పరామ్మా?” అని తలుపు దగ్గర అవ్వ అడుగుతుంది.

“ఇప్పుడు ముప్పైనాలుగు అవ్వా. ఇంకో గంటకి ముప్పైనాలుగున్నర.”

నర్సు కాగితం మీద ఆ అంకె రాసి, టైము వేసి, మళ్లీ తీగ వైపు చూస్తుంది.