ఉస్తాద్ బెత్తం, ఖాందాన్ తలుపు

గురువు కొడితేనే విద్య అబ్బుతుందనే మాట మనకు మహా ముద్దు. దానికి సాక్ష్యంగా సంగీతలోకం ఎప్పుడూ చెప్పే కథ ఉస్తాద్ అల్లావుద్దీన్ ఖాన్‌ది. ఆ కథను భక్తిగా విన్నది చాలు. ఇప్పుడు ప్రశ్నిస్తూ వినదలుచుకున్నాం మేము.

తూర్పు బెంగాల్ పల్లెటూరి ముస్లిం కుర్రాడు. పాటకోసం ఇల్లొదిలి కలకత్తా చేరాడు. పస్తులుండి ఒక్కో వాద్యం ఒక్కో చోట నేర్చాడు. రాంపూర్‌లో, తాన్‌సేన్ వంశీకుడైన ఉస్తాద్ వజీర్ ఖాన్ గడప దగ్గర ఆగిపోయాడు. నవాబు బండికి అడ్డంపడితేగాని శిష్యరికం దొరకలేదంటారు. షాగిర్ద్ అయ్యాక కూడా ఏళ్ల తరబడి తాలీమ్ లేదు. దీన్ని ఓర్పుకు పెట్టిన పరీక్ష అని మెచ్చుకుంటారు. పరీక్షైతే నెగ్గినవాడికి అన్నీ దక్కాలి కదా! చివరికి ఎంతో నేర్పిన ఉస్తాద్ బీన్ మాత్రం నేర్పలేదు. అది ఇంటి రక్తానికే. ప్రతిభను కాదు, పుట్టుకను చూసి మూసిన తలుపది. ఏకలవ్యుడి బొటనవేలు గురించి దళిత కవులు వేసిన ప్రశ్న ఇక్కడా వెయ్యాలి. అందరం సమానమంటూనే దూదేకులవాణ్ణి 'మీదే ఖాందాన్?' అని అడిగే మనల్నీ అడగాలి.

మైహర్‌లో అల్లావుద్దీన్ ఆ తలుపును బద్దలు కొట్టాడు. అనాథ పిల్లల్ని చేర్చి బ్యాండు కట్టాడు. తుపాకీ గొట్టాలతో నల్‌తరంగ్ చేయించాడు. కొడుకు అలీ అక్బర్‌కు, కూతురు అన్నపూర్ణకు నేర్పిన విద్యనే 1938లో వచ్చిన రవిశంకర్‌కూ, తర్వాత నిఖిల్ బెనర్జీకీ నేర్పాడు. హిందువా, ముస్లిమా, మనవాడా, పైవాడా అని చూడలేదు.

కానీ తలుపు తీసిన చెయ్యి బెత్తం వదల్లేదు. అలీ అక్బర్ దెబ్బలు తిన్నాడు, ఇల్లొదిలి పారిపోయాడు. గాజులు కొనుక్కొమ్మన్న ఒక్క తిట్టుకు రవిశంకర్ మూట సర్దుకున్నాడు. అలీ అక్బర్ ఆపబట్టి ఆగాడు.

'అయినా మహా విద్వాంసులయ్యారు కదా' అంటారు. అయినవాళ్ల పేర్లే మనకు తెలుసు. బెత్తానికి జడిసి వాద్యం కింద పెట్టేసినవాళ్ల పేర్లు ఏ చరిత్రలోనూ లేవు. దెబ్బలే విద్వాంసుల్ని చేస్తే వీధికో ఉస్తాద్ ఉండేవాడు.

అలీ అక్బర్ 1956లో కలకత్తాలో, 1967లో కాలిఫోర్నియాలో సంగీత కళాశాలలు పెట్టాడు. తండ్రి దగ్గర తీసుకోవలసిన వారసత్వం అదీ. అల్లావుద్దీన్ గొప్పతనం కొట్టినందుకు కాదు, దాచుకోనందుకు. రేపు మన దగ్గరికి ఒక కుర్రాడు కవితో, పాటో పట్టుకొస్తే ఖాందాన్ అడగొద్దు, బెత్తం తియ్యొద్దు. తెలిసింది చెబుదాం.