రెండో పాత్ర విద్య: విజయనగరం రంగస్థలం నుంచి వెండితెర దాకా

తెలుగు సినిమాలో తండ్రిగా, పురోహితుడిగా, ఊరి పెద్దగా, కుట్ర పన్నే బంధువుగా కనిపించి, నాయకుడి కథకు ఆధారంగా నిలిచే సహాయ నటుల చరిత్రలో విజయనగరం, శ్రీకాకుళం ప్రాంతాల నాటకరంగానికి ప్రత్యేకమైన చోటు ఉంది. జె.వి.సోమయాజులు, జె.వి.రమణమూర్తి, గొల్లపూడి మారుతీరావు, రావి కొండలరావు, రాధాకుమారి వంటి వారంతా ఈ నేలతో ఏదో ఒక విధంగా ముడిపడినవారే. వీరి ప్రతిభను ప్రేక్షకులు ఆదరించారు గాని, ఆ ప్రతిభ వెనుక ఉన్న విద్యను, అంటే రెండో స్థానంలో ఉంటూ మొదటి పాత్రను నిలబెట్టే నేర్పును, విమర్శకులు తగినంతగా పట్టించుకోలేదు.

ఈ నేర్పు సినిమాతో పుట్టినది కాదు. ధనంజయుడి దశరూపకం నాయకుడి వెంట ఉండి ఉపకథను నడిపే పాత్రకు పీఠమర్దుడని పేరు పెట్టి, అతని గుణాలు నాయకుడి గుణాలకు కొంచెం తక్కువగా ఉండాలని చెప్పింది. శాస్త్రం చెప్పిన ఈ కొలతను జానపద కళారూపాలు తమ పద్ధతిలో అమలు చేశాయి. విశాఖపట్నం నుంచి అరకు లోయకు పోయే దారిలో కొండల అంచున ఉన్న శృంగవరపుకోట వంటి ఊళ్ల ప్రేక్షకులకు పరిచయమైన బుర్రకథనే తీసుకుంటే, తంబురా పట్టిన కథకుడికి అటూ ఇటూ ఇద్దరు వంతలు ఉంటారు. ఒకరు హాస్యం చెబితే మరొకరు లోకం తీరు మీద వ్యాఖ్య చేస్తారు, ఇద్దరూ కలిసి కథకుడికి ఊపిరి తీసుకునే వ్యవధి ఇస్తారు. ఉత్తరాంధ్రలో ప్రసిద్ధమైన తూర్పు భాగవతంలోనూ అంతే: భామాకలాపంలో సత్యభామ వైభవమంతా చెలికత్తె మాధవి అడిగే ప్రశ్నల మీదే ఆధారపడి ఉంటుంది. మాధవి సరైన చోట అడగకపోయినా, అవసరానికి మించి నవ్వించినా సత్యభామ విరహం రక్తి కట్టదు.

ఆధునిక రంగస్థలంపై ఈ విద్యకు గొప్ప పాఠశాల గురజాడ అప్పారావు రాసిన కన్యాశుల్కం. 1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శితమై, 1909లో బాగా పెరిగిన రూపంలో అచ్చయిన ఈ నాటకంలో నాయకుడెవరో తేల్చి చెప్పడం కష్టం. గిరీశం, మధురవాణి, రామప్పపంతులు, లుబ్ధావధాన్లు ఒకరి భుజం మీద ఒకరు నిలబడిన పాత్రలు. శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారానికి చెందిన జొన్నలగడ్డ సోదరులు ఈ నాటకాన్ని విజయనగరంలో మొదలుపెట్టి దశాబ్దాల పాటు ఆడారు. తమ్ముడు రమణమూర్తి గిరీశంగా, అన్న సోమయాజులు రామప్పపంతులుగా పేరు తెచ్చుకోగా, రమణమూర్తిని అపర గిరీశమనే పిలిచారు.

మధురవాణి ఇంట్లో మంచం ఘట్టాన్ని గమనిస్తే రెండో పాత్ర బరువు తెలుస్తుంది. గిరీశం తలుపు తట్టగానే రామప్పపంతులు మంచం కిందికి దూరతాడు. గిరీశం మధురవాణితో సరసమాడుతున్నంతసేపూ పంతులుకు మాట ఉండదు, కాని ప్రేక్షకుడి ధ్యాసలో సగం ఆ మంచం కిందే ఉంటుంది. పూటకూళ్లమ్మ చీపురు పట్టుకుని రావడంతో గిరీశమూ అక్కడికే దూరడం, అతనికి తగలవలసిన దెబ్బ పంతులుకు తగలడం ఒకదాని వెంట ఒకటి జరిగిపోతాయి. ఇక్కడ పంతులు వేషధారి ముందే తొందరపడి నవ్వు దండుకుంటే గిరీశం మాటలు వినబడవు. పూర్తిగా బిగుసుకుపోతే చీపురు దెబ్బకు నవ్వు రాదు. మాట లేనప్పుడు కూడా పాత్రలోనే ఉండి, ఎదుటివాడి మాటను మొదటిసారి వింటున్నట్టు వినడమే సహాయ నటుడి తొలి పరీక్ష. చాలామంది నటులు తప్పేది ఇక్కడే.

రెండో పరీక్ష వాచికం, అంటే మాట ద్వారా చేసే అభినయం. నాట్యశాస్త్రం కాకువు అని చెప్పిన స్వరభేదం, ఒకే వాక్యాన్ని ప్రశ్నగా, వెటకారంగా, వేడుకోలుగా మార్చే కంఠపు విరుపు, ఈ నాటకంలో అడుగడుగునా అవసరమవుతుంది. ఉత్తరాంధ్ర పలుకుబడిలో వాక్యం చివర సాగే రాగం నటుడికి పుట్టుకతో అబ్బే సంపద. తరువాతి కాలపు సినిమాలు అదే పలుకుబడిని చాలాసార్లు పనివాళ్ల పాత్రలకు, వెకిలి హాస్యానికి పరిమితం చేయడం అన్యాయం; గురజాడ పాత్రల్లో ఆ భాష తెలివితో, లౌక్యంతో, దుఃఖంతో కూడా మాట్లాడింది.

రంగస్థలం నుంచి కెమెరా ముందుకు వచ్చినప్పుడు ఈ విద్య కొంత తగ్గించుకోవలసి ఉంటుంది. చివరి వరుసకు వినిపించేలా పెంచిన గొంతు మైకు దగ్గర అరుపవుతుంది. చేతుల కదలిక కళ్లలోకి కుదించుకోవాలి. రెవెన్యూ శాఖలో డిప్యూటీ కలెక్టరుగా పనిచేసిన సోమయాజులు, జిత్తులమారి రామప్పపంతులును ఏళ్ల తరబడి ఆడిన కంఠంతోనే 1980లో వచ్చిన శంకరాభరణంలో శంకరశాస్త్రి అయ్యారంటే, ఆ మార్పు వేషంలో కంటే నిదానంలో ఉందని చెప్పాలి. ఆ చిత్రంలో నాయక పాత్ర ఆయనదైనా, దానికి పీఠమర్దుడిగా నిలిచినది లాయరు మిత్రుడి వేషంలో అల్లు రామలింగయ్య. మరుసటి సంవత్సరం కె.విశ్వనాథ్ తీసిన సప్తపదిలో అన్నదమ్ములిద్దరూ కలిసి నటించారు. 1957లో ఎం.ఎల్.ఏ. చిత్రంతో వెండితెరకు వచ్చిన రమణమూర్తి, మరోచరిత్ర (1978) వంటి చిత్రాల్లో చేసిన పాత్రలు నిడివిలో చిన్నవే అయినా, రంగస్థలంపై గిరీశంగా చూపిన దూకుడును పూర్తిగా అణచుకుని చేసినవి.

విజయనగరంలో 1939లో పుట్టిన గొల్లపూడి మారుతీరావు దారి వేరు. పత్రికలో, ఆకాశవాణిలో పనిచేసి, 1964 నాటి డాక్టర్ చక్రవర్తితో సినీ రచయిత అయిన ఆయన, నలభై దాటాక ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య (1982)తో నటుడిగా స్థిరపడ్డారు. రచయిత కనుక ఎదుటి పాత్ర మాటకు ఎక్కడ చోటు వదలాలో ఆయనకు తెలుసు. శ్రీకాకుళంలో పెరిగిన రావి కొండలరావు కూడా పత్రికా రచయిత, నాటక రచయిత. భార్య రాధాకుమారితో కలిసి అనేక చిత్రాల్లో మధ్యతరగతి దంపతులుగా కనిపించారు.

బ్రిటన్‌లో సినిమాలకు, టెలివిజన్‌కు ఇలాంటి సహాయ నటులను తయారు చేసి అందించినవి రెపర్టరీ థియేటర్లు, అంటే ఒకే బృందం వరుసగా నాటకాలు మార్చి ఆడే సంస్థలు. అక్కడ ఒక నటుడు ఈ నెల సేవకుడు, వచ్చే నెల రాజు. తెలుగునాట అటువంటి స్థిరమైన జీతపు బృందాలు అరుదే అయినా, ఉద్యోగాలు చేసుకుంటూ సాయంత్రాలు రిహార్సళ్లు నడిపిన సమాజాలు ఆ పని చేశాయి. దీనికి భిన్నంగా, నేటి టెలివిజన్ సీరియల్ రోజుకింత నిడివి తీయాలనే తొందరలో సంభాషణ చెప్పేవారి ముఖాన్నే ఎక్కువగా చూపుతుంది. వినేవారి ముఖానికి నేర్పు అవసరమన్న సంగతే మరుగున పడుతోంది.

రమణమూర్తి 2016లో, గొల్లపూడి 2019లో, రావి కొండలరావు 2020లో కన్నుమూశారు. వారితో ఆడిన, వారిని చూసి నేర్చుకున్న నటులు ఉత్తరాంధ్ర పట్టణాల్లో ఇంకా ఉన్నారు. నాటక పరిషత్తులు, కళాశాలల రంగస్థల శాఖలు వారిని పిలిచి, సన్మానపు శాలువాతో సరిపెట్టకుండా, మంచం ఘట్టం వంటి దృశ్యాలను విద్యార్థుల చేత వారి ఎదుట ఆడించి, ఎక్కడ ఆగాలో, ఎప్పుడు ఎదుటివాడికి దారి ఇవ్వాలో చెప్పించి, ఆ శిక్షణను మొత్తంగా వీడియోలో భద్రపరచాలి.