‘అపరాజితో’ చలచ్చిత్రమున మాతృవియోగ శోకము

మాతాపితృవియోగము మనుష్యమాత్రున కెవ్వనికిని దప్పనిది. అందరును ఎరిగిన దుఃఖమగుటచేతనే దానిని రసవంతముగ నిర్వహించుట కష్టము. విలాపమును బెంచినచో శోకము పలుచబడును. మిక్కిలి కుదించినచో సామాజికుని హృదయమును దాకదు. ఈ చిక్కును సత్యజిత్ రాయ్ తన ‘అపరాజితో’ అను వంగభాషా చలచ్చిత్రమున (1956) ఎట్లు దాటెనో విచారించుట యీ వ్యాసమునకు బ్రయోజనము. చలచ్చిత్రము క్రొత్త సాధనమే యైనను దృశ్యకావ్యభేదమే. రసమున కాశ్రయమైనది ఆలంకారికుల పరీక్షకు లోబడవలసినదే.

బిభూతిభూషణ బంద్యోపాధ్యాయుని ‘పథేర్ పాంచాలీ’ (1929), ‘అపరాజితో’ (1932) నవలలలో మొదటిదాని తుదిభాగమును, రెండవదాని తొలిభాగమును దీనికి మూలము. కథ 1920వ సంవత్సరపు గాశీలో నారంభమగును. హరిహరుడు గంగ యొడ్డున పురాణము చదివి భార్య సర్వజయను, కుమారుడు అపూను బోషించుచుండి జ్వరముచే మరణించును. సర్వజయ యొక ధనికుని యింట వంటకు గుదిరి, కొడుకు ఆ యింటివారికి ఊడిగము చేయుట కంటబడగా, అచ్చటనుండి వెడలి బంధువగు వృద్ధుని వెంట వంగదేశమున నొక పల్లె చేరును. అపూ పౌరోహిత్యము నేర్చి, పిదప బడిలో జేరి, విద్యార్థివేతనము బడసి కలకత్తాకు బోవును. రాత్రులు ముద్రణాలయమున బనిచేసి పగలు కళాశాలకు బోవుచుండును. తల్లి పల్లెలో నొంటరిగ రోగగ్రస్తయై మరణించును.

ఇందు రెండు మరణములు గలవు. రెండును భిన్నరీతుల నిర్వహింపబడినవి. తండ్రి మరణము ప్రత్యక్షము. గంగోదకము గొంతు దిగిన క్షణముననే పావురములు గుంపుగ నెగయును. శ్రీనాథుని కాశీఖండము చదివిన మనకు కాశీమరణ మనగా ముక్తి. చిత్రకారు డా భావమును నిరాకరింపడు. కాని ముక్తుడైన వానివెనుక మిగిలిన యిల్లాలి దిక్కులేనితనమును వెంటనే చూపును. తల్లి మరణమో, అసలు చూపబడదు. రాత్రివేళ కుమారుని పిలుపు విన్నట్లు భ్రమించి యామె తలుపు దీయును. వెలుపల కొలనుపై మిణుగురులు దప్ప మరేమియు లేదు. అంతతో విరమించుటయే యిందలి యౌచిత్యము.

విమర్శకుడు ముఖ్యముగ గమనింపవలసిన దొకటి కలదు. ఈ చిత్రమున శోకము మరణముతో బుట్టలేదు, అంతకుముందే పండినది. సెలవులకు వచ్చిన కొడుకుతో తల్లి తన యనారోగ్యమును బ్రస్తావించి, తనకు వైద్యము చేయింతువా యని యడుగుచుండగనే వాడు నిద్రించును. మరునాడు రైలు స్థానమువరకు బోయి, రైలు వచ్చినను ఎక్కక మరలివచ్చి, అందలేదని బొంకి యొకదినము నిలుచును. బ్రతికియున్నవారి నడుమనే యెడబాటు నెలకొనుట యిందలి విభావము. కుమారుడు శూన్యగృహమును జూచి చెట్టుమొదట గూలబడి యేడ్చునపుడు దీర్ఘవిలాపము లేదు. కాళిదాసుని అజునివలె వాడు పలుకడు. సామాజికు డంతకు ముందే యెరిగినదానిని వాడప్పుడు దెలిసికొనుచున్నాడు. ఈ తెలివియే వాని స్వస్వరూపజ్ఞానమునకు దొలిమెట్టు.

ఇక నాక్షేపము. వృద్ధుడు అక్కడనే యుండి కర్మ చేయుమనగా అపూ పరీక్షలున్నవనియు, కాళీఘట్టమున జేయుదుననియు జెప్పి మూటగట్టి నడచును. ఇట్టి కృతఘ్నుడు నాయకు డెట్లగునని పండితులు కొందరడుగవచ్చును. వంగదేశమున నీ చిత్రము తొలుత ‘పథేర్ పాంచాలీ’ వలె జనాదరణము బడయకుండుటకు గొడుకు ప్రవర్తన ప్రేక్షకులకు రుచింపమి యొక కారణమని చెప్పుదురు. నేనీ యాక్షేపము నంగీకరింపను. వాడు కర్మను వదలలేదు, స్థలమును మార్చెను, నిరాకరించినది కులవృత్తిని. ఆ నిరాకరణమునకు విత్తనము తల్లియే వేసినది. కొడుకు ఊడిగమునకు మరగకూడదని ధనికుని యిల్లు విడిచిన దామెయే. కలకత్తా పోదునన్నపుడు చెంపపై గొట్టి, వెంటనే కరగి, దాచుకొన్న రూకలిచ్చి పంపినదియు నామెయే. పల్లెలో నిలిచిపోయినచో వాడామె త్యాగమును వ్యర్థము చేసినవాడగును.

మూలనవలలో దల్లి మరణవార్త విన్నంతనే అపూ మనస్సున మొదట విడుదలవంటి భావ మొకటి పొడముననియు, పిదప శోకము ముంచుననియు గలదు. ఇది మిక్కిలి సాహసమైన సత్యము. చిత్రమున నా భావము మాటలలో లేదు; ఏడుపు పిదప వెనుదిరుగక సాగు నడకలో మాత్రమే స్ఫురించును. వాచ్యమును వ్యంగ్యముగ మార్చిన యీ పద్ధతి ధ్వనివాదులకు సమ్మతమే.

గుణములలో మరియొకటి వెలుగు. కాశీలోని యిల్లు చిత్రశాలలో గట్టినదే యైనను, ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర పైన వస్త్రము బరపించి దానిపై దీపకాంతిని బ్రతిఫలింపజేసి ముంగిటి పగటివెలుగును సాధించెను. నిత్యజీవితమును, మరణమును ఒకే వెలుగులో జూడగలుగుట కిది తోడ్పడినది.

దోషము లేకపోలేదు. నవలలోని లీల యను పాత్ర చిత్రమున లేదు. అందుచే గలకత్తా యాకర్షణము పుస్తకములకును, ముద్రణాలయమునకును పరిమితమై, తల్లివైపు త్రాసు మొగ్గినది. అపూను నిందించువారి కీ కొరతయే కొంత యవకాశ మిచ్చినది.

1957లో వెనిస్ నగరమున నీ చిత్రమునకు సువర్ణసింహ బహుమాన మొసగిరి. పరదేశీయుల మెప్పు మనకు బ్రమాణము కానక్కరలేదు. కాని కర్మకాండ నెరుగనివారు సైత మా శూన్యగృహమున దమతమ తల్లులను దలచిరనుట కది సాక్ష్యము. అపరాజితుడనగా దుఃఖమును జయించినవాడని కొందరర్థము చెప్పుదురు. దుఃఖమును మూటలో గట్టుకొనియు నడక మానని వాడని నా తలంపు.