రాధ గతం ఏది?

వేదాద్రిలో మా పిన్నితో కలిసి ‘కేరాఫ్ కంచరపాలెం’ (2018) మళ్ళీ చూశాను. పిన్ని భర్త పోయి పదేళ్ళయింది.

రచయిత, దర్శకుడు వెంకటేష్ మహా ఎక్కడా గొంతు పెంచడు. నటుల్లో ఎక్కువమంది విశాఖలోని ఆ పేటవాళ్ళే. 49 ఏళ్ళ అటెండరు రాజుకీ, అతని పై అధికారి రాధకీ మధ్య ప్రేమ రోజువారీ మాటల్లోంచే పెరుగుతుంది. ఎదిగిన కూతురున్న వితంతువుకి తోడు కావాలనిపించడాన్ని ఇంత మామూలుగా చెప్పడం మన సినిమాల్లో అరుదు. అక్కడ పిన్ని కళ్ళు తుడుచుకుంది.

చివరికి నాలుగు ప్రేమకథలూ రాజువేనని తెలుస్తుంది. సునీత, భార్గవి, సలీమా అతని జీవితంలో మజిలీలుగా మిగులుతారు.

“మరి రాధ వెనకటి కథేదే?” అంది పిన్ని.

నా దగ్గర జవాబు లేదు. సామాన్యుల కథల్లో కూడా గతం మగవాడి సొత్తేనా?