బాహుబలి రెండవ భాగము: మాటయు పగయు

వీరకథలందు పగ రెండు తీరుల గానవచ్చును. చచ్చినవానికై చంపుట యొకటి. తప్పిన ధర్మమును మరల నిలువబెట్టుట వేఱొకటి. మొదటిది భుజబలముచే తీఱును. రెండవదానికి విచారణ కావలయును. 2017 ఏప్రిల్ 28వ తేదీన విడుదలయైన ‘బాహుబలి: ద కంక్లూజన్’ చిత్రమునం దీ రెండును గలవు. 2015 నాటి మొదటి భాగము, కట్టప్ప బాహుబలి నేల చంపెనను ప్రశ్నతో ముగిసినది. విజయేంద్రప్రసాద్ కథతో రాజమౌళి దర్శకత్వమున వచ్చిన రెండవ భాగము దానికి సమాధానము చెప్పినది. ఈ సమాధానమే చిత్రమునకు ప్రాణమని మా యభిప్రాయము.

కథలోని ముడి యిది. భల్లాలదేవుని కోర్కె మేరకు దేవసేన నతనికి చేయుదునని శివగామి మాట యిచ్చినది. కుంతలమునం దమరేంద్ర బాహుబలి, దేవసేన మానమును కాపాడుదునని యామెకు మాట యిచ్చినాడు. ఇరువురును సత్యసంధులే, ఇరువురి మాటలును నిలుచుటకు వీలులేదు. వంశగౌరవమనగా పెద్దల యాజ్ఞయా, అబలకిచ్చిన యభయమా యను ప్రశ్న యిచ్చట పుట్టినది. కట్టప్ప కత్తికి మూలము గూడ మాటయే. పూర్వులు చేసిన ప్రతిజ్ఞకు కట్టువడి, తాను పెంచిన వాని వెన్నున నతడు కత్తి దింపినాడు.

మాటకును మాటకును కలిగిన యీ పోరు తెలుగు ప్రేక్షకునకు క్రొత్తది గాదు. గోదావరి కీవల బూర్గంపాడు, ఆవల భద్రాచలము. పర్ణశాల కథ నిత్యము వినబడు నీ యడవిసీమవారు శివగామియందు దశరథుని ఛాయను సులభముగా గుర్తింతురు. అయినను భేదము గలదు. అచ్చట సోదరుడు పాదుకల నడిగెను. ఇచ్చట సోదరుడు ప్రాణము నడిగెను. కావుననే ఆ కథ వనవాసమున సాగగా, ఈ కథ చితిమంటతో ముగిసినది.

యుద్ధవిద్య ఈ చిత్రమున రెండు విధముల వినియోగపడినది. కుంతలముపై శత్రువులు పడిన రాత్రి, ఒకేమాఱు మూడు బాణములు సంధించుట బాహుబలి దేవసేనకు నేర్పును. ఆ పోరాటమున అనురాగము, గౌరవము వ్యక్తమైనవి. తన మేనిపై చేయి వేయబోయిన సేనాని వ్రేళ్లను దేవసేన నఱుకుటయందును అర్థము గలదు. తుది పోరున తాటిచెట్లను వంచి సైనికులను కోటలోనికి విసరుట కన్నులకు వింతయే గాని కథకు క్రొత్త బలమీయదు.

ఇంకొక కొఱత గలదు. మహేంద్రుని పెంచినది కొండజనము. సంగ యను పెంపుడుతల్లి మొదటి భాగమునకు హృదయము. రెండవ భాగమున నామెకు చోటు కుంచించుకొనిపోయినది. కొండవారు యుద్ధమునకు తోడైరి. వంశగౌరవము మాత్రము కోటలోనివారికే దక్కినది. కోయగూడెములు గల బూర్గంపాడు సీమనుండి చూచువారికి ఈ లోపము చిన్నదిగా తోపదు. కట్టప్ప దాస్యము గూడ ఇట్లే మిగిలినది. అతని విధేయత యోగ్యుడైన రాజునకు మాఱినదే గాని, తరతరముల దాస్యము తగునా యను విచారణకు చిత్రము పూనుకొనలేదు.

ఇరువదియైదేండ్లు సంకెళ్లలో పుల్ల లేరిన దేవసేనయే స్వయముగా భల్లాలుని చితికి నిప్పంటించుట సముచితము. ఆమె పగ తీఱినది. శివగామి మాటలోని దోషము, కట్టప్ప మాటలోని బంధనము విమర్శకు నిలిచియే యున్నవి. పూర్వార్ధమున నింత గంభీరమైన ప్రశ్న నెత్తిన చిత్రము, ఉత్తరార్ధమున దానిని కండబలమునకు వదలివేయుట చేతనే ఇది మహేతిహాసమునకు ఒక మెట్టు క్రింద నిలిచినదని మా నిర్ణయము.