గొంతు గరగరకు ఇంటి కషాయం

కనిగిరి పరిసరాల మెట్ట పల్లెల్లో చలికాలపు మంచుగాలికి, కళ్లాల్లో ఎండే మిరపకాయల ఘాటుకు గొంతు పట్టేసినప్పుడు, ఇంట్లో పెద్దావిడ చేయి ముందుగా పోపులపెట్టె మీదికే పోతుంది. మిరియాలను, శొంఠిని, అంటే ఎండబెట్టిన అల్లాన్ని, కచ్చాపచ్చాగా దంచి, నీళ్లు నాలుగోవంతుకు దిగేవరకు సన్నని సెగమీద కాచి వడకడితే వచ్చేదే కషాయం. ఆయుర్వేదం దీనిని క్వాథమంటుంది. సులువుగా తోచే ఈ పనిలోని నేర్పంతా దంపులోనూ సెగలోనూ ఉంది: మిరియం మరీ మెత్తని పొడైతే గొంతును మండిస్తుంది, గింజగానే ఉండిపోతే సారం నీటిలోకి సరిగా దిగదు, కషాయంలో కలిపే తులసాకులను మొదటే వేస్తే వాటి సువాసన ఆవిరితో పోతుంది గనుక చేయితిరిగినవారు వాటిని దించేముందు వేసి మూతపెడతారు.

కరక్కాయకు పొయ్యితో పనే లేదు. గింజ తీసిన పెచ్చును బుగ్గన పెట్టుకుని ఊరే రసాన్ని మెల్లగా మింగుతుంటే, అందులోని టానిన్లు, అంటే వగరునిచ్చే పదార్థాలు, గొంతు లోపలి పొరను కాస్త బిగువుపరచి గరగరను తగ్గిస్తాయి. పసుపుపాలకు ఉన్న పేరు కొంత అతిశయమే. గోరువెచ్చని ఉప్పునీటి పుక్కిలింత అంతకంటే నమ్మదగినది.

ఇవన్నీ ఉపశమనానికే. కషాయంలో తేనె కలిపితే ఏడాది నిండని బిడ్డకు ఇవ్వరాదు. కషాయంలో అతిమధురం వేరు వేసే అలవాటుంటే, అధిక రక్తపోటు ఉన్నవారు దాన్ని మానాలి. నొప్పి వారం దాటినా, జ్వరం ఎక్కువైనా, మింగుడుపడకపోయినా వైద్యుని దగ్గరికే వెళ్లాలి.