రుక్మణీదేవి: తెర కన్న గొంతు పెద్దది

సింహళ టాకీ చరిత్ర 1947 జనవరి 21న విడుదలైన ‘కడవును పొరొందువ’తో మొదలవుతుంది. పేరుకు ‘తప్పిన మాట’ అని అర్థం. నిర్మాత నాయగం దక్షిణ భారతీయుడైన తమిళుడు, చిత్రీకరణ మదురైలోని స్టూడియోలో. ఇక కథానాయిక రుక్మణీదేవి అసలు పేరు డెయిజీ రసమ్మ డేనియల్స్. 1923లో నువర ఎలియ ప్రాంతపు రంబొడలో, కొలంబో చెట్టి క్రైస్తవ కుటుంబంలో పుట్టింది.

ఆమె నెగొంబోకు చెందిన మినర్వా నాటక బృందం నుంచి వచ్చింది. భర్త ఎడ్డీ జయమాన్న అందులో హాస్యనటుడు, బావగారు బి.ఎ.డబ్ల్యు. జయమాన్న నాటకకర్త. ఆ నాటకమే తెరకెక్కింది. కనుక ఆమె నటనలో రంగస్థలం వదలలేదన్న ఆక్షేపణను మేము కాదనము. చివరి వరసకు వినిపించేలా పలకడం నేర్చిన నటికి, కెమెరా పక్కనే ఉందని చెప్పేవారెవరు? మన తొలి టాకీల నటులకూ ఇదే చిక్కు.

అయితే తరువాతి విమర్శకులు ఇంతటితో ఆగలేదు. 1956లో లెస్టర్ జేమ్స్ పీరిస్ ‘రేఖావ’ను స్టూడియో వదలి పల్లెలో తీశాడు, అది మరుసటి ఏడు కాన్ పోటీకి వెళ్ళింది. గొప్ప చిత్రమే. కాని దాన్ని మెచ్చే ఉత్సాహంలో, అంతకు ముందువన్నీ మద్రాసు నకళ్ళని ఒక్క మాటతో కొట్టిపారేయడం రివాజైంది. కథలకూ బాణీలకూ ఆ మాట చాలావరకు వర్తిస్తుంది. రుక్మణి గొంతుకు వర్తించదు. తన పాటలు తానే పాడుకున్న నటి ఆమె. సినిమాకు ముందే, ఇంకా చిన్నపిల్లగా ఉండగానే, గ్రామఫోను రికార్డుపై బుద్ధగయను కీర్తించిన ఆ క్రైస్తవ బాలికను సింహళ శ్రోతలు తమ ఇంటి పిల్లగానే విన్నారు. సేలంలో పుట్టిన ముస్లిం గాయకుడు మొహిద్దీన్ బేగ్‌నూ అలాగే విన్నారు.

ఇక్కడ మరొక సంగతి గమనించాలి. సింహళమే ఏకైక అధికార భాష అన్న చట్టం వచ్చిందీ ఆ 1956లోనే. ఇంట ఒక భాష, బడిలో వేరొక భాషగా పెరిగిన మన విద్యార్థులకు ఆ చట్టం బరువు విడమరచి చెప్పనక్కరలేదు. చట్టం ఎవరిది ఈ భాష అని అడుగుతున్న రోజుల్లో, ఆ భాషకు అభిమాన గాయనిగా వెలుగుతున్నది ఈ రసమ్మే.

1978 అక్టోబరు 28న రోడ్డు ప్రమాదంలో ఆమె మరణించింది. నటిగా ఆమెను మేము మొదటి వరసలో కూర్చోబెట్టలేము. గాయనిగా మాత్రం ఆమె పక్కన కూర్చోగలవారు ఆ తరంలో అరుదు.